‘లెట్’ అంటే అడ్డు: పాత ఇంగ్లీషు మాటలు మనల్ని ఎక్కడ బోల్తా కొట్టిస్తాయి

మా మేనల్లుడికి కిందటేడు పాస్‌పోర్టు వచ్చింది. ఫోటో బాగా పడలేదని కాసేపు గొణిగి, తర్వాత అందులో రాష్ట్రపతి పేరు మీద ఉన్న ఇంగ్లీషు వాక్యం పైకి చదవడం మొదలుపెట్టాడు. ఈ పాస్‌పోర్టు ఉన్న మనిషిని స్వేచ్ఛగా వెళ్ళనివ్వండి, అవసరమైన సాయం చేయండి అని ఇతర దేశాల వాళ్ళని కోరే వాక్యం అది. మధ్యలో ‘వితౌట్ లెట్ ఆర్ హిండ్రెన్స్’ అనే ముక్క దగ్గర ఆగిపోయాడు.

“మామయ్యా, లెట్ అంటే అనుమతించడం కదా? అనుమతి లేకుండా, ఆటంకం లేకుండా పంపించండి అని రాశారేంటి? ప్రింటింగ్ మిస్టేకా?”

మిస్టేక్ కాదు. అక్కడి ‘లెట్’కి అర్థం అడ్డు. మనకి తెలిసిన ‘లెట్’కి సరిగ్గా వ్యతిరేకం. పాత ఇంగ్లీషులో రెండు వేరు వేరు క్రియలు ఉండేవి. ‘లేటన్’ అంటే వదలడం, పోనివ్వడం. ‘లెట్టన్’ అంటే ఆపడం. ఈ రెండోది మనం రోజూ వాడే ‘లేట్’కి చుట్టం. ఎవరినైనా ఆలస్యం చేయించడమే వాళ్ళని అడ్డుకోవడం అన్నమాట. శతాబ్దాలు గడిచేసరికి రెండు మాటలూ అరిగి అరిగి ఒకే రూపానికి వచ్చాయి. ఒకే మాట ‘వెళ్ళు’ అనీ ‘ఆగు’ అనీ అంటుంటే జనం ఎంతకాలం భరిస్తారు? ‘ఆగు’ అనే అర్థం మెల్లగా తప్పుకుంది. కాకపోతే పూర్తిగా పోలేదు. టెన్నిస్‌లో సర్వీసు బంతి నెట్‌కి తగిలి అవతల పడితే అంపైర్ ‘లెట్’ అంటాడు. అది ఈ అడ్డే. హామ్లెట్ నాటకంలో తండ్రి దయ్యం వెనక వెళ్ళబోతున్న యువరాజుని స్నేహితులు పట్టుకుంటే, నన్ను ‘లెట్’ చేసినవాణ్ణి దయ్యాన్ని చేసి పారేస్తానని కత్తి దూస్తాడు. వెళ్ళనిచ్చేవాడి మీద అంత కోపం ఎందుకు అని ఆశ్చర్యపోయిన విద్యార్థులు నాకు తెలుసు. వాళ్ళలో నేనూ ఒకణ్ణి.

పాత ఇంగ్లీషు మాటలంటే చాలామందికి గుర్తొచ్చేవి నోరు తిరగని మాటలు. నిజానికి వాటితో ప్రమాదం లేదు. తెలియని మాట కనబడితే మనం ఆగుతాం, నిఘంటువు తీస్తాం. మోసం చేసేవి తెలిసిన మొహంతో వచ్చేవే. రోజూ పలకరించే మనిషిలా ఉంటుంది, లోపల మనిషి వేరు.

1611లో అచ్చయిన కింగ్ జేమ్స్ బైబిల్‌లో ఒక కీర్తనకారుడు నేను తెల్లవారడాన్ని ‘ప్రివెంట్’ చేశాను అంటాడు. సూర్యుణ్ణి ఆపేశాడనుకోకండి. లాటిన్‌లో ఆ మాటకి ముందుగా రావడం అని అర్థం. అంటే తెల్లవారకముందే లేచి మొరపెట్టుకున్నాడు. ముందుగా వెళ్ళి నిలబడ్డవాడు దారికి అడ్డు అవుతాడు కాబట్టి తర్వాత ఆ మాటకి ‘నివారించడం’ అనే అర్థం వచ్చింది.

‘మీట్’ అంటే ఒకప్పుడు మాంసం కాదు, ఏ తిండైనా సరే. మన ఊళ్ళలో పాత మిఠాయి దుకాణాల బోర్డుల మీద ‘స్వీట్‌మీట్స్’ అని ఉంటుంది కదా, అది ఆ పాత అర్థమే. పూర్తి శాకాహారి కూడా నిశ్చింతగా లోపలికి వెళ్ళొచ్చు. ‘గర్ల్’ అనే మాట సుమారు ఏడు వందల ఏళ్ళ కిందట ఆడపిల్లకైనా మగపిల్లవాడికైనా చెల్లేది. ‘వైఫ్’ అంటే పెళ్ళాం కాదు, ఉత్త ఆడమనిషి. ‘మిడ్‌వైఫ్’ అనే మాటలో ఆ అర్థం ఇప్పటికీ ఉంది. ఆమె ఎవరి భార్యా కాదు, కాన్పు సమయంలో ‘పక్కన ఉండే ఆడమనిషి’.

వీటన్నిటిలో నాకు బాగా నచ్చేది ‘డీర్’. ఒకప్పుడు ఆ మాటకి అర్థం జంతువు. ఏ జంతువైనా. కింగ్ లియర్ నాటకంలో పిచ్చివాడి వేషం వేసుకున్న ఎడ్గర్ తాను తిన్న తిండి గురించి చెబుతూ ఎలుకలూ పందికొక్కులూ అలాంటి చిన్న చిన్న ‘డీర్’ అంటాడు. ఎలుకంత జింకలా అని తికమక పడక్కర్లేదు. చిన్న చిన్న జంతువులు, అంతే. జర్మన్‌లో దీని తోబుట్టువు ‘టీర్’కి ఈ రోజుకీ జంతువనే అర్థం. ఇంగ్లీషువాళ్ళు వేటకి వెళ్ళి ఎక్కువగా కొట్టింది జింకల్నే కాబట్టి జంతువు కాస్తా జింకగా కుదించుకుపోయింది.

సరిగ్గా ఇదే కథ మన పెరట్లోనే జరిగింది. సంస్కృతంలో ‘మృగ’ అంటే అడవి జంతువు, జింక కూడా. మృగరాజు అంటే జంతువులకి రాజైన సింహం. కస్తూరి మృగం మాత్రం జింక. జూన్‌లో మృగశిర కార్తె వచ్చిందంటే చేపల బజారు కిటకిటలాడుతుంది గానీ, ఆ నక్షత్రం పేరుకి అర్థం జింక తల. హిందీలో ‘మృగ్’ జింక దగ్గర ఆగింది. తెలుగులో ‘వాడు మనిషా, మృగమా’ అంటున్నామంటే మనం క్రూరజంతువు వైపు మొగ్గాం. ఇంగ్లీషువాడి జంతువు జింకయింది, మన మృగంలో జింక మాయమైంది. తెలుగు వ్యాకరణ పుస్తకాల్లో దీన్ని అర్థసంకోచం అంటారు. పరీక్షకి బట్టీ పట్టినప్పుడు ఎంత చప్పగా ఉండేదో, ఇలా చూస్తే అంత రుచిగా ఉంటుంది.

‘క్విక్’ సంగతీ ఇలాంటిదే. క్రైస్తవుల విశ్వాస ప్రమాణంలో ‘ది క్విక్ అండ్ ది డెడ్’ అని వస్తుంది. వేగంగా పరిగెత్తేవాళ్ళు, చచ్చినవాళ్ళు అని కాదు, సజీవులు, మృతులు అని. పాదరసం బతికున్నదానిలా పాకుతుంది కాబట్టి అది ‘క్విక్ సిల్వర్’, ప్రాణమున్న వెండి. గోరు కింద ఉండే, తగిలితే ప్రాణం పోయినట్టుండే మెత్తటి కండ కూడా ‘క్విక్’. బతికున్నది కదులుతుంది, కదిలేది చురుగ్గా ఉంటుంది. అలా వేగం అనే అర్థం దిగింది. ఇంకో విశేషం, ఈ ‘క్విక్’, మనం సంస్కృతం నుంచి తెచ్చుకున్న ‘జీవ’ ఒకే మూలం నుంచి పుట్టినవి. లాటిన్‌వాళ్ళ ‘వీవుస్’ కూడా ఆ ఇంటిదే. చూడ్డానికి ముగ్గురికీ ఏ పోలికా ఉండదు.

కొన్ని మాటలు కుదించుకుపోతే, కొన్ని హోదా మార్చుకున్నాయి. ‘సిల్లీ’ అంటే మొదట ధన్యుడు, దేవుడి దీవెన ఉన్నవాడు. దీవెన ఉన్నవాడు అమాయకుడు, అమాయకుడు జాలి పడదగ్గవాడు, చివరికి తెలివితక్కువవాడు. ఒక్కో మెట్టే దిగుతూ ఇక్కడికొచ్చింది. ‘నైస్’ది ఎదురు ప్రయాణం. లాటిన్‌లో ‘ఏమీ తెలియని’ అనే మాట నుంచి వచ్చి, ఇంగ్లీషులో మొదట మూర్ఖుడు అనే అర్థంతో కాపురం పెట్టింది. తర్వాత అతి నాజూకు మనిషి, ఆ తర్వాత సూక్ష్మమైనది, పద్దెనిమిదో శతాబ్దానికి బాగున్నది. ఆరు వందల ఏళ్ళ కిందటి పుస్తకంలో ఎవరినైనా ‘నైస్’ అంటే అది తిట్టు, ‘సిల్లీ’ అంటే దీవెన కావచ్చు.

మనకీ ఇలా జరిగింది. ‘కంపు’ అంటే ఒకప్పుడు సువాసన. పక్కనున్న కన్నడంలో ఇప్పటికీ అదే అర్థం. కాబట్టి బెంగళూరులో ఎవరైనా పూల కంపు బాగుందంటే కోప్పడకండి. గుళ్ళో స్వామికి చేసే సేవ కైంకర్యం. ఆ గుడి సొమ్మునే ‘కైంకర్యం చేశాడు’ అంటే మింగేశాడని. ఇంకో పక్క, ‘సభికుడు’ అంటే సంస్కృతంలో జూదశాల నడిపేవాడు. ఇప్పుడు మైకు ముందు నిలబడిన ప్రతివాడూ ‘సభికులకు నమస్కారం’ అని మొదలెడతాడు, ఎవరూ బాధపడరు.

ఇక ‘దౌ’ దగ్గర కాస్త ఎక్కువసేపు కూర్చోవాలి. ఇది అర్థం చేసుకోవడంలో తెలుగువాళ్ళకి ఇంగ్లీషువాళ్ళ కంటే సుళువు.

పాత పుస్తకాల్లో ‘దౌ, దీ, దై’ కనబడగానే అవేవో గంభీరమైన, మర్యాద మాటలని మనం అనుకుంటాం. ఎక్కువగా బైబిల్లోనూ ప్రార్థనల్లోనూ వినబడతాయి కాబట్టి ఆ భ్రమ సహజం. నిజం తలకిందులు. ‘దౌ’ అంటే నువ్వు. ‘యు’ అంటే మీరు. మొదట ఒకరైతే దౌ, పదిమందైతే యు. పదమూడో శతాబ్దం నుంచి, ఫ్రెంచివాళ్ళ అలవాటు చూసి, పెద్దవాళ్ళు ఒక్కరే ఉన్నా ‘యు’ అనడం మొదలైంది. పిల్లల్ని, నౌకర్లని, ప్రాణస్నేహితుల్ని, కోపమొచ్చినప్పుడు ఎవరినైనా ‘దౌ’. మరి దేవుణ్ణి ‘దౌ’ అనడమేమిటి? మనం దేవుణ్ణి ఏమంటున్నాం? తెలుగు బైబిల్ పరలోకపు తండ్రిని ‘నీ నామము’ అనే సంబోధిస్తుంది. ఖైదులో కూర్చున్న గోపన్న తన రాముణ్ణి నగల లెక్క అడిగిందీ ఏకవచనంలోనే. తల్లినీ దేవుణ్ణీ నువ్వు అనే చనువు మనకి కొత్త కాదు.

ఆ ఏకవచనం ఎంత పదునుగా కోసేదో 1603 నవంబరులో వించెస్టర్‌లో జరిగిన ఒక విచారణ చూపిస్తుంది. బోనులో ఉన్నది సర్ వాల్టర్ రాలీ, నిన్నమొన్నటి దాకా రాణిగారి ఆస్థానంలో వెలిగినవాడు. రాజద్రోహం కేసు. అటార్నీ జనరల్ ఎడ్వర్డ్ కోక్ వాదిస్తూ వాదిస్తూ అదుపు తప్పి ‘ఐ దౌ దీ, దౌ ట్రెయిటర్’ అని అరిచాడు. ఇక్కడ మొదటి ‘దౌ’ సర్వనామం కాదు, క్రియ. నిన్ను నేను నువ్వనే అంటున్నాను, ఒరే ద్రోహీ అని. ఇప్పటి ఇంగ్లీషులో దీన్ని వివరించాలంటే పేరా కావాలి. మనకి ఒక్క ముక్క చాలు: నిండు కోర్టులో ఏకవచనంతో మాట్లాడాడు. ఊళ్ళో ‘నన్ను నువ్వంటాడా’ అని గొడవలైన సంగతులు తెలిసినవాళ్ళకి ఆ రోజు ఆ గదిలో గాలి ఎలా ఉండి ఉంటుందో చెప్పక్కర్లేదు.

అదే పదిహేడో శతాబ్దంలో క్వేకర్లు అనే క్రైస్తవ శాఖవాళ్ళు దేవుడి ముందు అందరూ సమానమే అంటూ జడ్జీల్నీ జమీందార్లనీ కూడా ‘దౌ’ అని పిలిచి దెబ్బలు తిన్నారు. సమానత్వం చివరికి వచ్చింది గానీ వేరే దారిలో వచ్చింది. ఎవరిని నువ్వనాలో ఎవరిని మీరనాలో తేల్చుకోలేని సమాజం అందరినీ మీరు అనేసింది. ఇవాళ ఇంగ్లీషులో కుక్కపిల్లని పిలిచినా ‘యు’నే. ఒక్కరే ఉన్నా ‘యు ఈజ్’ అనకుండా ‘యు ఆర్’ ఎందుకంటామని బళ్ళో పిల్లలు అడుగుతారు. ఇదే జవాబు. అది పుట్టుకతో బహువచనం.

షేక్‌స్పియర్ పేరు చెబితే గుర్తొచ్చే ఇంకో చిక్కు ‘వేర్‌ఫోర్’. మేడ మీద నిలబడిన జూలియెట్ ‘వేర్‌ఫోర్ ఆర్ట్ దౌ రోమియో’ అంటే, రోమియో ఎక్కడున్నావని వెతుకుతోందని ఇంగ్లీషువాళ్ళే చాలామంది పొరబడతారు. నువ్వు రోమియోవి ఎందుకయ్యావు అని ఆమె బాధ. ప్రేమించినవాడు పగవాళ్ళ ఇంట్లో పుట్టాడు మరి. తెలుగులో చూస్తే ఈ మాట అరటిపండు ఒలిచినట్టే. ‘దేర్‌ఫోర్’ అంటే అందుకు. ‘వేర్‌ఫోర్’ అంటే ఎందుకు. అందు-కు, ఎందు-కు. అతుకు కూడా అదే చోట.

అలాగే ‘హియర్, హిదర్, హెన్స్’. ఇక్కడ, ఇక్కడికి, ఇక్కడినుంచి. ‘వేర్, విదర్, వెన్స్’. ఎక్కడ, ఎక్కడికి, ఎక్కడినుంచి. మనకి రోజువారీ మాటల్లో ఉన్న ఈ తేడా ఇంగ్లీషు ఒక్కొక్కటిగా వదిలేసుకుంది. ఇంకా ఎక్కువ వదిలేసుకున్నది ఎల్లుండిని. పదహారో శతాబ్దపు పుస్తకాల్లో ‘ఓవర్‌మారో’ అంటే ఎల్లుండి, ‘ఎర్‌యెస్టర్‌డే’ అంటే మొన్న. రెండూ పోయాయి. ఇప్పుడు ఎల్లుండి అనడానికి నాలుగు మాటలు పేర్చాలి. ఇంత సదుపాయమైన మాటని ఎలా పోగొట్టుకున్నారో నాకు అర్థం కాదు.

అర్థాలే కాదు, అక్షరాలూ మోసం చేస్తాయి. లండన్‌లో పాత తరహా హోటళ్ళ బోర్డుల మీద ‘యే ఓల్డ్’ అని ఉంటుంది. అది ‘యే’ కాదు, ‘ద’. పాత ఇంగ్లీషులో థకారానికి ‘థార్న్’ అని ఒక అక్షరం ఉండేది. చేతిరాతలో అది పోనుపోను వై అక్షరంలా తయారైంది. 1476లో విలియం కాక్స్‌టన్ వెస్ట్‌మిన్‌స్టర్‌లో అచ్చు యంత్రం పెట్టాడు. ఐరోపా నుంచి వచ్చిన అచ్చు అక్షరాల్లో థార్న్ లేదు. దాంతో అచ్చుపనివాళ్ళు దాని బదులు వై వాడటం అలవాటైంది. చదివేవాళ్ళకి మాత్రం అది థార్న్ అనే తెలుసు. గుఱ్ఱంలో బండి ఱ పోయి గుర్రం అయినట్టు, అరసున్న మాయమైనట్టు, థార్న్ కూడా పోయింది. మనవాళ్ళు ఱ బదులు ర వాడారు కాబట్టి పలుకు చెడలేదు. వాళ్ళకి వేరే ధ్వని ఉన్న అక్షరం దొరికింది, ఇప్పటికీ జనం ‘యే’ అనే చదువుతున్నారు.

క్రికెట్ చూసేవాళ్ళకి ఒక చిన్న సంగతి. ‘అంపైర్’కి ముందు ఒక నకారం ఉండేది. ‘నౌంపేర్’, అంటే జతలో లేనివాడు, ఇద్దరి తగువులో ఎవరి పక్షమూ కాని మూడోవాడు. ముందున్న ‘ఎ’ పక్కన చేరి ఆ నకారం జారిపోయి ‘ఆన్ అంపైర్’ అయింది. ‘ఏప్రన్’ కూడా అలాగే పోగొట్టుకుంది. ‘నిక్‌నేమ్’ మాత్రం అటునుంచి ఒక నకారం కొట్టేసింది. అది మొదట ‘ఈక్‌నేమ్’, అదనపు పేరు. నారింజ పేరు మన దేశం నుంచి పర్షియా, అరేబియా మీదుగా వెళ్ళి, ఫ్రాన్సు చేరేసరికి నకారం ఊడి ‘ఆరెంజ్’గా ఇంగ్లండులో దిగింది. మన నోట్లో నకారం భద్రంగానే ఉంది.

పాస్‌పోర్టు వాక్యంలో ‘లెట్’ పక్కనే ‘హిండ్రెన్స్’ అని మళ్ళీ అదే అర్థమున్న మాట ఎందుకు పెట్టారంటే, అది లాయర్ల అలవాటు. 1066లో నార్మన్లు ఇంగ్లండుని గెలిచాక కోర్టుల భాష ఫ్రెంచి అయింది, రాతల్లో లాటిన్ ఉంది, జనం భాష ఇంగ్లీషు. ఏ మాటకి ఎవడు పేచీ పెడతాడో తెలియక రెండేసి మాటలు రాయడం పాతుకుపోయిందని సాధారణంగా చెప్పే వివరణ. ‘విల్ అండ్ టెస్టమెంట్’లో మొదటిది ఇంగ్లీషు, రెండోది లాటిన్, అర్థం ఒక్కటే. కోర్టు వాదనలు ఇంగ్లీషులో జరపాలని 1362లో చట్టం చేసినా ఈ జంటలు విడిపోలేదు. మన క్రయదస్తావేజులు చదివినవాళ్ళకి ఇది వింతేమీ కాదు. ‘సదరు’ ఆస్తిని ‘పుత్రపౌత్ర పారంపర్యంగా దాన విక్రయాది సర్వహక్కులతో’ అనుభవించమని రాస్తేనే మనకి కొన్నట్టుంటుంది. ఒక్క ‘అమ్మాను’ అంటే నమ్మకం కుదరదు.

ఇంగ్లండులో మూలబడ్డ మాటలు కొన్ని మన దగ్గర ఇంకా తిరుగుతున్నాయి. ఆఫీసు ఉత్తరాల్లో ‘డూ ది నీడ్‌ఫుల్’ అని రాస్తే అక్కడివాళ్ళు నవ్వుతారు, కానీ అది నేర్పింది వాళ్ళ తాతలే. ‘ఫార్ట్‌నైట్’ అంటే పద్నాలుగు రాత్రులు, మన పక్షం. జర్మానిక్ తెగలు రోజుల్ని రాత్రుళ్ళతో లెక్కపెట్టేవాళ్ళని రోమన్ చరిత్రకారుడు టాసిటస్ రాశాడు. బ్రిటన్‌లో ఈ మాట బతికే ఉంది గానీ అమెరికాలో అనండి, మొహం వైపు చూస్తారు. మన ఇంగ్లీషు పేపర్లలో రోజూ కనబడే ‘మిస్‌క్రియంట్స్’, అంటే తెలుగు పేపర్ల ‘గుర్తు తెలియని దుండగులు’, పాత ఫ్రెంచిలో మతం తప్పినవాళ్ళు. ఇక ‘టిఫిన్’. మధ్యమధ్యలో కాస్త తాగడాన్ని, చిరుతిండి తినడాన్ని ఇంగ్లీషు యాసలో ‘టిఫింగ్’ అనేవాళ్ళు. అది ఓడెక్కి ఇక్కడికొచ్చి, ఇడ్లీ పక్కన చేరి, స్థిరపడిపోయింది. ఇలాంటి మాటల్ని పోగుచేసి 1886లో వేసిన నిఘంటువు హాబ్సన్-జాబ్సన్. దాన్ని కూర్చిన ఇద్దరిలో ఒకడైన బర్నెల్ మద్రాసు సివిల్ సర్వీసు ఉద్యోగి. సి.పి. బ్రౌన్ 1852లో అచ్చు వేసిన తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు తిరగేస్తే నాకు ఇంకో తమాషా అనిపిస్తుంది. తెలుగు మాట అర్థమవుతుంది, పక్కన ఆయన ఇచ్చిన ఇంగ్లీషు మాటకి కొన్నిసార్లు ఇంకో నిఘంటువు కావాలి.

అర్థం అనుమానంగా ఉంటే ఏం చేయాలి? ఆ మాటకి ఇప్పుడున్న అర్థం కాదు, ఆ పుస్తకం రాసిన నాటి అర్థం చూడాలి. అందుకు పనికొచ్చేది ఆక్స్‌ఫర్డ్ పెద్ద నిఘంటువు. 1857లో అనుకుంటే, మొదటి భాగం 1884లో వచ్చింది, మొత్తం 1928కి పూర్తయింది. సంపాదకుడు జేమ్స్ మర్రే పూర్తయ్యేదాకా బతకలేదు, 1915లోనే పోయాడు. ఊరూరా ఉన్న పాఠకులు పాత పుస్తకాలు చదివి, మాట వాడిన వాక్యాన్ని చీటీ మీద రాసి పంపేవాళ్ళు. అందుకే అందులో ప్రతి అర్థం కిందా తేదీలతో ఉదాహరణలుంటాయి. వాడుక పోయిన మాట పక్కన చిన్న కత్తి గుర్తు ఉంటుంది. మాట చచ్చినా పుస్తకంలోంచి తీసేయరు.

ఫోన్లో తిరిగే ‘మీకు తెలియని పాత ఇంగ్లీషు మాటలు’ జాబితాల్ని నేను అంతగా నమ్మను. వాటిలో చాలా మాటలు ఎవరో ఒకరు ఒకసారి రాసి వదిలేసినవి. అసలు ఎవరూ వాడని మాట నిఘంటువులోకే ఎక్కిన సందర్భం కూడా ఉంది. 1934లో వచ్చిన వెబ్‌స్టర్ రెండో కూర్పులో ‘డార్డ్’ అనే నామవాచకం ఉంది. అర్థం సాంద్రత. 1939లో ఒక సంపాదకుడికి దాని పుట్టుక వివరం లేకపోవడం కంటపడింది. పాత చీటీలు వెతికితే సంగతి బయటపడింది. సాంద్రతకి పొట్టి గుర్తుగా పెద్ద ‘డి’ గానీ, చిన్న ‘డి’ గానీ వాడొచ్చని ఒక చీటీ మీద ‘డి ఆర్ డి’ (D or d) అని రాశారు. మధ్యలో ఖాళీ చూసుకోక దాన్ని ఒకే మాటగా చదివేశారు. పైగా ఎలా పలకాలో కూడా రాసి పెట్టారు.